పూర్తిగా ఆఫ్ చేయొద్దు

2009 నుంచి 2011 దాకా మా ఇంట్లో ఒక నియమం ఉండేది: పీఎస్పీని పూర్తిగా ఆఫ్ చేయకూడదు. పక్కనున్న స్విచ్‌ని ఒకసారి పైకి తోసి వదిలేస్తే అది నిద్రపోతుంది. కొన్ని సెకన్లు అలాగే పట్టుకుంటే పూర్తిగా ఆరిపోతుంది. నిద్రపోతే పర్లేదు. ఆరిపోతే మాత్రం అందులో ఎక్కించిన ఆటలన్నీ ఉన్నచోటే ఉంటాయి గానీ తెరుచుకోవు. మళ్ళీ దుకాణానికి పోవాలి, మళ్ళీ ముప్పై రూపాయలు పెట్టాలి. ఆ రోజుల్లో శాలిబండలో కరెంటు ఎప్పుడు పోతుందో తెలీదు, బ్యాటరీ నాలుగైదు గంటలకి మించి ఆగదు. కరెంటు పోగానే మా అమ్మ కొవ్వొత్తి వెతుక్కునేది. మా తమ్ముడు పీఎస్పీ వెతుక్కునేవాడు.

ఇప్పటి పిల్లలకి పీఎస్పీ అంటే ఏమిటో చెప్పాల్సి వస్తోంది కాబట్టి చెప్తున్నాను. ప్లేస్టేషన్ పోర్టబుల్. సోనీ దీన్ని 2004 డిసెంబర్ 12న జపాన్‌లో విడుదల చేసింది. చేతిలో పట్టుకుని ఆడుకునే యంత్రం, 4.3 అంగుళాల తెర, వెనక యూఎండీ అనే చిన్న డిస్కు పెట్టుకోవడానికి ఒక తలుపు. ఒక్కో డిస్కులో 1.8 జీబీ దాకా పడుతుంది. పక్కన మెమరీ స్టిక్ కోసం ఇంకో సందు. ప్రపంచమంతా కలిపి దాదాపు 8 కోట్లు అమ్ముడుపోయాయి. 2014లో తయారీ ఆపేశారు.

మాది 3000 మోడల్. దుబాయ్‌లో పనిచేసే మా బాబాయి 2009 ఎండాకాలం సెలవుల్లో తెచ్చాడు. దాంతోపాటు ఒక ఫుట్‌బాల్ ఆట డిస్కు వచ్చింది. రెండు వారాల్లో అది మొహం మొత్తింది. కొత్త డిస్కు కొనాలంటే అబిడ్స్ వైపు వెళ్ళాలి, రెండు వేల దాకా పెట్టాలి. మా నాన్న పత్తర్‌గట్టిలో ముత్యాల దుకాణంలో లెక్కలు రాసేవాడు. రెండు వేలంటే మా ఇంటికి అప్పట్లో నెల బియ్యం, కిరాణా. కాబట్టి ఆ ప్రస్తావనే రాలేదు. మా తమ్ముడి క్లాసులో ఎవరో చెప్పారు, శాలిబండ మెయిన్ రోడ్డు మీదే ఒక భాయ్ దుకాణం ఉందనీ, ఆటకి ఇరవై చొప్పున ఎక్కిస్తాడనీ.

ఎక్కించడం అనేది అప్పటి హైదరాబాద్‌లో సర్వనామం లాంటి క్రియ. పాటలు ఎక్కించేవాళ్ళు, రింగ్‌టోన్లు ఎక్కించేవాళ్ళు, సినిమాలు ఎక్కించేవాళ్ళు. ఫోన్ ఇచ్చి, టీ తాగొచ్చేసరికి చిప్ నిండిపోయేది. పీఎస్పీకి మాత్రం అంత తేలిక కాదు. డిస్కులో ఉన్న ఆటని ఐఎస్ఓ ఫైలుగా మార్చి మెమరీ స్టిక్‌లో వేస్తే సరిపోదు, సోనీ సంతకం లేని దేన్నీ అది నడపదు. పాత 1000, 2000 మోడళ్ళకి ఒక కిటుకు ఉండేది. బ్యాటరీలో ఉండే చిన్న చిప్‌లో సీరియల్ నంబర్ మార్చేస్తే, అది సర్వీస్ సెంటర్ వాళ్ళ బ్యాటరీ అనుకుని యంత్రం తన తలుపులు తెరిచేది. దీన్ని పండోరా బ్యాటరీ అనేవాళ్ళు. 3000 మోడల్‌లో ఆ దారి మూసేశారు.

మూసేస్తే ఇంకోటి దొరికింది. 2009లో వచ్చిన దాని పేరు చిక్‌హెన్. నిజంగానే కోడి, గుడ్డు బొమ్మలతో వచ్చింది. పీఎస్పీలో ఫొటోలు చూపించే ప్రోగ్రాం టిఫ్ రకం చిత్రాలు చదివేటప్పుడు ఒకచోట తడబడుతుంది. ఆ తడబాటుకి సరిగ్గా సరిపోయేలా తయారుచేసిన చిత్రాన్ని తెరిస్తే, అందులో దాచిన కోడ్ మెమరీలోకి జారుకుంటుంది. అదృష్టం బాగుంటే తెర ఒక్కసారి మెరిసి మామూలవుతుంది, ఇక ఆటలు తెరుచుకుంటాయి. బాగోకపోతే యంత్రం బిగుసుకుపోతుంది, బ్యాటరీ పీకి మళ్ళీ మొదటికి రావాలి. అంతా అయ్యాక అది ఉండేది మెమరీలోనే. పూర్తిగా ఆఫ్ చేస్తే పోతుంది. మా ఇంటి నియమం అందుకే.

ఈ వివరాలన్నీ అప్పుడు మా తమ్ముడికి తెలీవు, నాకు తెలుసు. ఎందుకంటే వాడు దుకాణానికి వెళ్ళగలడు, నేను వెళ్ళలేను.

వాడికి పన్నెండేళ్ళు, నాకు పదహారు. ఇంటర్ మొదటి సంవత్సరం. మా ఇల్లు అక్కన్న మాదన్న గుడి వెనక గల్లీలో. దుకాణం నడిచి పోతే ఐదు నిమిషాలు. మధ్యలో టీ హోటల్, పంక్చర్ షాపు, క్యారమ్ బోర్డు చుట్టూ ఎప్పుడూ పది మంది. "ఇంటర్ చదివే పోరివి, గా పోరగాండ్ల నడుమ ఏం పనే నీకు?" అనేది అమ్మ. అందులో కోపం ఉండేది కాదు. వాన పడుతుంది గొడుగు పట్టుకో అన్నట్టే చెప్పేది. మా అక్క కూడా అదే చెప్పింది. నాకూ అందులో తప్పుపట్టడానికి ఏమీ కనిపించేది కాదు, ఆటలు నాకు నచ్చినవి రానంతవరకూ.

దుకాణంలో ఒక లాంగ్‌బుక్ ఉండేదట. అందులో ఆటలన్నిటికీ నంబర్లు. తమ్ముడు వాటి పేర్లు లెక్కల నోటు పుస్తకం చివరి పేజీల్లో రాసుకొచ్చేవాడు. బొమ్మలు లేవు, వివరాలు లేవు. పేరు చూసి ఊహించుకోవడమే. వాడు కుస్తీ, కార్లు, తుపాకులు ఎంచుకునేవాడు. నెలకి నాకు ఒకటి అని ఒప్పందం. "పటాపన్" అని ఉన్నదాన్ని, "లోకారోకా" అని ఉన్నదాన్ని పేర్లు నోటికి బాగున్నాయని ఎంచుకున్నాను.

ఆ మొదటిది పటాపాన్. కళ్ళు మాత్రమే ఉన్న నల్లటి చిన్న చిన్న సైనికులు. వాళ్ళని నడిపించడానికి బాణం గుర్తు మీటలు ఉండవు. నువ్వు డోలు కొట్టాలి. చదరం గుర్తు మూడుసార్లు, సున్నా ఒకసారి, తాళం తప్పకుండా కొడితే ముందుకు నడుస్తారు. సున్నా రెండుసార్లు, చదరం, మళ్ళీ సున్నా కొడితే ఈటెలు విసురుతారు. తాళం తప్పితే తూలిపడి బిక్కమొహం వేస్తారు. బోనాలకి డప్పు, మొహర్రంలో డోళ్ళు, పెళ్ళి బారాత్‌లో మార్ఫా వింటూ పెరిగిన పిల్లకి ఇది ఎవరూ నేర్పక్కర్లేదు. మా తమ్ముడు రెండో అంకం దాటలేకపోయాడు. నేను మేడ మీద నీళ్ళ ట్యాంకు పక్కన కూర్చుని, మెట్ల మీద అడుగుల చప్పుడు వినడానికి చెవులో ఒక్క ఇయర్‌ఫోన్ మాత్రమే పెట్టుకుని, నెల రోజుల్లో చాలా దూరం పోయాను.

ఒకరోజు బ్యాటరీ అయిపోయి ఆరిపోయింది. తమ్ముడు జ్వరంతో పడుకున్నాడు. దుకాణానికి ఎవరు పోవాలి?

లాల్‌దర్వాజా మలుపు దగ్గర నెట్ సెంటర్ ఉండేది, గంటకి పదిహేను. ఎంసెట్ మాటెత్తితే ఆడపిల్లని నెట్ సెంటర్‌కి పోనిస్తారు. అక్కడ కూర్చుని రెండు రోజులు చదివాను. నా ఇంగ్లీషు అంతంత మాత్రం, అయినా ఏ ఫైలు ఏ ఫోల్డర్‌లో పెట్టాలో అర్థమైంది. పీఎస్పీని కేబుల్‌తో కంప్యూటర్‌కి తగిలించి, గుడ్డు బొమ్మని ఫొటోల్లో పెట్టి, తెరిచాను. బిగుసుకుపోయింది. పద్నాలుగోసారి తెర మెరిసింది. ఆ తర్వాత మా ఇంట్లో ముప్పై రూపాయల ఖర్చు పోయింది. తమ్ముడి స్నేహితులు కూడా తమ పీఎస్పీలు వాడి చేత నాకు పంపేవాళ్ళు. మనిషికి పది తీసుకునేదాన్ని. నేను ఇవాళ సర్వర్లు చూసుకునే ఉద్యోగంలో ఉన్నాను. ఎక్కడ మొదలైందని ఇంటర్వ్యూల్లో అడిగితే బీటెక్ అని చెప్తాను.

2010 డిసెంబర్‌లో బెర్లిన్‌లో జరిగిన ఒక సదస్సులో కొందరు కుర్రాళ్ళు ప్లేస్టేషన్ 3 సంతకాల లెక్కలో ఉన్న తప్పుని బయటపెట్టారు. ప్రతిసారీ మారాల్సిన ఒక సంఖ్య మారకుండా అలాగే ఉండిపోతోంది. ఆ సందులోంచి తాళంచెవులు బయటికొచ్చాయి, వాటితోపాటు పీఎస్పీవి కూడా. 2011 నుంచి గుడ్డు బొమ్మ అవసరం పోయింది. ఆరిపోయినా ఒక ఐకాన్ నొక్కితే చాలు, అన్నీ తిరిగొచ్చేవి. బెర్లిన్‌లో ఎవరో లెక్క సరిచూస్తే శాలిబండలో ఒక ఇంటి నియమం రద్దయింది.

తర్వాత అందరిళ్ళల్లో జరిగినట్టే జరిగింది. అక్క పెళ్ళయింది. ఫోన్లు వచ్చాయి. 2016లో ఇల్లు అమ్మేసి నాగోల్ వచ్చేశాం. తమ్ముడు చదువుకని డాలస్ వెళ్ళి అక్కడే ఉండిపోయాడు. పీఎస్పీ ఒక బిస్కెట్ డబ్బాలో పడి ఉంది.

2025 సంక్రాంతి సెలవుల్లో మా అక్క కూతురు దాన్ని బయటికి తీసింది. దానికి పదకొండేళ్ళు. బ్యాటరీ ఉబ్బి వెనక మూత పైకి లేచింది. కొత్త బ్యాటరీ తెప్పించి పెడితే వెలిగింది గానీ మెమరీ స్టిక్ చచ్చిపోయింది. సేవ్ డేటా ఉండాల్సిన చోట బూడిద రంగు గళ్ళు, "పాడైన డేటా" అనే మాట. పటాపాన్‌లో నేను ఆడిన అరవై చిల్లర గంటలు అందులోనే ఉండేవి.

"చిన్నమ్మా, ఈ గేమ్స్ ఎక్కడ కొన్నారు?" అంది.

"ఒక షాపులో. నేనెప్పుడూ చూడలేదు."

"కొన్న షాపు చూడకపోవడం ఏంటి?"

దానికి ఎలా చెప్పాలో తెలీలేదు.

ఇవాళ ఆ ఆటల్లో చాలావాటిని సక్రమంగా కొనుక్కోవడం తేలిక కాదు. 2021 జులై 2న పీఎస్పీలోంచి నేరుగా కొనే సదుపాయం ఆపేశారు. అదే ఏడాది ప్లేస్టేషన్ 3, వీటా స్టోర్లు కూడా మూస్తామని చెప్పి, అభిమానుల గోల విని ఆ రెండూ ఉంచేశారు. పీఎస్పీకి ఆ కనికరం దొరకలేదు. అమెరికాలో వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ 2023లో ఒక లెక్క తీసింది. ఆ దేశంలో 2010కి ముందు వచ్చిన ఆటల్లో 87 శాతం ఇప్పుడు మార్కెట్లో దొరకవు. మన చట్టంలో కాపీరైట్ కనీసం 60 ఏళ్ళు. 2009లో వచ్చిన ఆట స్వేచ్ఛగా కాపీ చేసుకోవడానికి 2069 దాకా ఆగాలి. అప్పటికి మా అక్క కూతురికి 55 దాటతాయి. ఆ ఫైలు అప్పటిదాకా ఎవరి దగ్గర ఉండాలి? చట్టం ఆ ప్రశ్న వేసుకోదు. మన మొదటి టాకీ 'భక్త ప్రహ్లాద' వచ్చింది 1932లో, దాని ప్రింటు ఇవాళ లేదు. ఎవరూ కాపీ చేయకపోవడం వల్ల పోయిన వస్తువులు మనకి కొత్త కాదు.

ఆటలు తయారుచేసినవాళ్ళ పొట్ట కొట్టడం సరైనదే అని నేను అనను. సాఫ్ట్‌వేర్ తిండే నేనూ తింటున్నాను. కానీ అమ్మేవాడు దుకాణం మూసేసి వెళ్ళిపోయాక మిగిలింది ఎవరో ఒకరు దాచుకున్న కాపీయే. ఆ ఎవరో ఒకరు చాలాసార్లు ఆటకి ఇరవై తీసుకున్న మనిషే అవుతాడు.

సరే, ఆ దుకాణం చూద్దామని ఇద్దరం బయల్దేరాం. ఇంకో కారణం కూడా ఉంది. ఎంజీబీఎస్ నుంచి చాంద్రాయణగుట్ట దాకా మెట్రో వేయడానికి పాతబస్తీ రోడ్డు వెడల్పు చేస్తున్నారు, ఆ నెలలోనే కూల్చివేతలు మొదలయ్యాయి. శాలిబండ రోడ్డు పొడుగునా గోడల మీద రంగుతో గీతలు, అంకెలు. కొన్ని మేడలకి ముందు భాగం అప్పటికే లేదు. వంటింటి పచ్చ రంగు గోడ రోడ్డుకి కనిపిస్తోంది. పైన మాత్రం ఎప్పటిలాగే పతంగులు.

దుకాణం ఉంది. బోర్డు మారింది. ఇప్పుడు ఫోన్ కవర్లు, టెంపర్డ్ గ్లాసులు. కౌంటర్ దగ్గర భాయ్ కొడుకు. భాయ్ లోపల స్టూలు మీద కూర్చుని ఛార్జర్ విప్పుతున్నాడు. అరవై దాటి ఉంటాయి. 2009లో మా తమ్ముడు వచ్చేవాడని చెప్పాను. గుర్తు రాలేదు. ఎందుకు గుర్తుండాలి, రోజుకి ముప్పై మంది వచ్చేవాళ్ళట. పీఎస్పీ బయటికి తీశాను.

"కౌన్‌సా మాడల్?"

"3000."

"అరె, అండేవాలా!" అని నవ్వాడు. "వో అండా బహుత్ సతాయా, బేటా."

ఆ గుడ్డు నన్ను కూడా చాలా సతాయించిందని చెప్పాను. ఇంట్లో నేనే చేసుకునేదాన్నంటే అప్పుడు తలెత్తి నన్ను సరిగ్గా చూశాడు. కొడుకుని లేపి నాకు కుర్చీ వేయించాడు.

గోడ మీద తమ దుకాణానికి కూడా గీత పడిందని, ముందు ఎనిమిది అడుగులు పోతాయని చెప్పాడు. ఫలక్‌నుమా వైపు కొడుకు ఒక మడిగె చూశాడట. అక్కడ ఈ సామానంతా పట్టదు. అల్మారా కింద అరలోంచి ఒక అట్టపెట్టె లాగాడు. 500 జీబీ హార్డ్‌డిస్కు, పగిలిన యూఎండీ డొప్పలు, రెండు పండోరా బ్యాటరీలు, దాని కింద ఆ లాంగ్‌బుక్. ఇదంతా జుమ్మేరాత్ బజార్‌లో కిలో లెక్కన ఇచ్చేయాలనుకున్నాడట.

పుస్తకం తెరిచాను. ఒక్క ముక్క అర్థం కాలేదు. అంతా ఉర్దూలో ఉంది. జపాన్‌లో పుట్టిన ఆట పేరు, అమెరికా డబ్బా మీద ఇంగ్లీషులో అచ్చయి, భాయ్ చేతిలో ఉర్దూ అయి, ఆయన చదివి చెప్తుంటే తమ్ముడు విని మళ్ళీ ఇంగ్లీషులో రాసుకుని, నా దగ్గరికి వచ్చేసరికి "లోకారోకా" అయింది. దుకాణానికి కొంచెం అవతలే శాలిబండ గడియార స్తంభం ఉంది. దాని నాలుగు ముఖాల మీద నాలుగు రకాల అంకెలు వేయించారు: రోమన్, అరబిక్, హిందీ, తెలుగు. ఎటు నుంచి వచ్చేవాడు అటు చదువుకుంటాడు. ఇక్కడి మనుషులకి అది వింత కాదు.

ప్రతి ఆట పేరు పక్కనా పెన్నుతో గీతలు. ఎక్కించినప్పుడల్లా ఒకటి. గ్రాండ్ థెఫ్ట్ ఆటోకి రెండు వరుసలు నిండి మార్జిన్‌లోకి పోయాయి. పటాపాన్ ఎక్కడని అడిగితే చూపించాడు. తొమ్మిది గీతలు. అందులో ఒకటి నాది.

హార్డ్‌డిస్కు కాపీ చేసుకుంటానంటే సరేనన్నాడు. లాప్‌టాప్ తగిలిస్తే రెండు గంటలు పడుతుందని చూపించింది. భాయ్ కొడుకు పక్క హోటల్ నుంచి చాయ్, ఉస్మానియా బిస్కెట్లు తెప్పించాడు. ఫైళ్ళ పేర్లు ఒక్కొక్కటే పరిగెడుతున్నాయి. ఆటలన్నీ అయిపోయాక "సేవ్" అనే ఫోల్డర్ మొదలైంది. ఇదేంటని అడిగాను.

కార్డ్ ఫార్మాట్ చేయాల్సి వచ్చినప్పుడు పిల్లలు ఏడ్చేవాళ్ళట, ఇంత దూరం ఆడింది పోతుందని. అందుకని ముందు వాళ్ళ సేవ్ డేటా తన డిస్కులో పెట్టుకుని, తర్వాత తిరిగి వేసేవాడు. తర్వాత చెరిపేయడం ఎందుకు, ఎంత జాగా తింటాయి అవి, అని అలాగే ఉంచాడు. లోపల రెండు వందలకి పైగా ఫోల్డర్లు. ఒక్కోదానికి ఆ పిల్లాడు తన పీఎస్పీకి పెట్టుకున్న పేరు. కింగ్, డాన్ 786, చోటా, లయన్. ఈ గల్లీల పిల్లలందరూ ఎక్కడెక్కడ ఆగిపోయారో ఆ డిస్కులో ఉంది. వాళ్ళలో సగం మందైనా ఇప్పుడు పిల్లల తండ్రులై ఉంటారు.

మా తమ్ముడి ఫోల్డర్ దొరికింది. తారీఖు 2010 ఆగస్టు. పటాపాన్ కూడా ఉంది.

కొత్త కార్డులోకి అది వేసి తెరిస్తే నా సైన్యం నిలబడి ఉంది. మా అక్క కూతురు నా భుజం మీదుగా చూసింది.

"ఇది మామయ్య పేరు కదా?"

"పేరు మామయ్యది. ఆడింది నేను."

"మరి నీ పేరెందుకు పెట్టలేదు?"

భాయ్ మా ఇద్దరి మొహాలూ చూసి, ఛార్జర్‌లోకి తల దించుకున్నాడు.

పేజీలన్నీ ఫోన్‌లో ఫొటోలు తీసుకుంటుంటే, చివరి పేజీల్లో గీతలు లేని పేరు ఒకటి కనిపించింది. నంబర్ 143. ఏమిటని అడిగితే చదివాడు, "దేశీ అడ్డా." నాకు తెలుసు దాని సంగతి. అయితే చాలా తర్వాత తెలుసు. 2009లో హైదరాబాద్ కంపెనీలు సోనీ యంత్రాలకి సొంతంగా ఆటలు చేశాయి. అరోనా వాళ్ళు ప్లేస్టేషన్ 2కి 'హనుమాన్: బాయ్ వారియర్', గేమ్‌శాస్త్ర వాళ్ళు 'దేశీ అడ్డా: గేమ్స్ ఆఫ్ ఇండియా'. రెండోది పీఎస్పీకి కూడా వచ్చింది. కబడ్డీ, గిల్లీ దండా లాంటి వీధి ఆటలు. మా ఊళ్ళో చేసిన ఆట, మా ఇంటికి ఐదు నిమిషాల దూరంలో, హార్డ్‌డిస్కులో పదిహేనేళ్ళు ఉంది. ఒక్కరూ అడగలేదు. గల్లీలో ఊరికే ఆడుకునేదానికి ఇరవై ఎందుకు పెట్టాలి అనుకుని ఉంటారు.

మా అక్క కూతురు ఉండేది ఆరో అంతస్తులో. గిల్లీ దండా దానికి పుస్తకంలో పాఠం. "అది కావాలి," అంది.

నేనే వేయగలను, ఫైలు నా లాప్‌టాప్‌లోకి వచ్చేసింది కూడా. కానీ భాయ్ అప్పటికే చెయ్యి చాపాడు. పీఎస్పీ ఇచ్చాను. కళ్ళజోడు పైకి తోసుకుని, కేబుల్ తగిలించి, ఐఎస్ఓ ఫోల్డర్‌లోకి వేశాడు. తర్వాత జేబులోంచి పెన్ను తీసి 143 పక్కన ఒక గీత గీశాడు.

"కిత్నా, భాయ్?"

కొడుకు వద్దన్నట్టు చెయ్యి ఊపాడు. భాయ్ వాణ్ణి ఆపి, "బీస్," అన్నాడు.

పర్సులోంచి ఇరవై తీసి కౌంటర్ మీద పెట్టాను. ఆ కౌంటర్ మీద నా చేత్తో నేను డబ్బు పెట్టడం అదే మొదలు. బయటికి వచ్చేసరికి మా అక్క కూతురు సెట్టింగుల్లోకి వెళ్ళి, పేరు అని ఉన్నచోట మామయ్య పేరు చెరిపి తన పేరు కొడుతోంది.